టర్కీ కోడి, కూరగాయల చిల్లీ: రాజ్మా నానబెట్టే రాత్రి నుంచి మర్నాటి గిన్నె వరకు

"అక్కా, మా అబ్బాయి ఇంట్లో తిన్న చిల్లీ ఇక్కడ అవే సరుకులతో చేస్తున్నాను. ఆ రుచి రావడం లేదు. ఎక్కడ తప్పుతోంది?"

నెల్లూరు, కావలి, ఒంగోలు వైపు నుంచి ఈ ప్రశ్న నాకు మళ్లీ మళ్లీ వస్తోంది. అమెరికాలో పిల్లల దగ్గర నాలుగు నెలలు ఉండి వచ్చిన తల్లులు అడుగుతున్నారు, సెలవులకు ఇంటికి వచ్చిన పిల్లలు అడుగుతున్నారు. వారు చేసిన తీరు మొత్తం చెప్పించుకుని విన్నాను. సరుకుల్లో లోపం దాదాపు ఎవరికీ లేదు. లోపం వరుసలో ఉంది. టమాటా ముందు పడింది కాబట్టి గింజ ఉడకలేదు. కీమా నీళ్లతో గిన్నెలోకి వెళ్లింది కాబట్టి వేగలేదు. చెంచాల లెక్క అమెరికాది, కారం మాత్రం గుంటూరుది.

అందుకే ఈ మార్గదర్శిని పని జరిగే క్రమంలోనే రాస్తున్నాను. ఒక్కసారి చివరిదాకా చదివి, ఆ తర్వాతే స్టవ్ వెలిగించండి.

ముందుగా ఒక స్పష్టత. ఇది బండి మీద దొరికే చిల్లీ చికెన్ కాదు. మాంసం, గింజలు, టమాటా, ఎండుమిర్చి కలిపి సన్నసెగ మీద చిక్కబడేదాకా ఉడికించే అమెరికా వంటకం. కూరకీ పులుసుకీ మధ్యలో ఉంటుంది.

## 1. సరుకులు, కొలతలు

ఆరుగురు కడుపునిండా తిని, మర్నాటికి కొంత మిగిలే కొలత ఇది.

- టర్కీ కోడి తొడ, పిక్క మాంసం (ఎముక తీసినది): 750 గ్రాములు
- ఎర్ర రాజ్మా: 200 గ్రాములు
- ఉల్లిపాయలు: 300 గ్రాములు
- బాగా పండిన టమాటాలు: 700 గ్రాములు
- చిలగడదుంప లేదా తియ్యగుమ్మడి: 250 గ్రాములు
- కాప్సికం: 2
- క్యారెట్: 2
- మొక్కజొన్న గింజలు: 1 కప్పు
- వెల్లుల్లి: 10 రెబ్బలు
- బ్యాడిగి ఎండుమిర్చి: 10
- గుంటూరు ఎండుమిర్చి: 3
- జీలకర్ర: 2 టీస్పూన్లు
- ధనియాలు: 1 టీస్పూను
- ఒరెగానో పొడి: 1 టీస్పూను, లేదా వామాకులు 2
- వేరుశనగ నూనె: 4 టేబుల్ స్పూన్లు
- నిమ్మకాయ: 1
- బెల్లం: ఉసిరికాయంత ముక్క
- ఉప్పు

అల్లం, గరం మసాలా, కరివేపాకు ఈ జాబితాలో కావాలనే లేవు. గరం మసాలా పడిన మరుక్షణం జీలకర్ర, ఎండుమిర్చి రుచులు దాని వెనక్కి వెళ్లిపోతాయి. గిన్నెలో మిగిలేది మనం రోజూ తినే కీమా కూరే. కీమా కూర మంచిదే, కానీ మీరు అడిగింది అది కాదు.

రాజ్మా దొరకకపోయినా, పడకపోయినా కాబూలీ శనగలు వేయండి. ప్రకాశం జిల్లా నల్లరేగడి నేలల్లో శనగ బాగా పండుతుంది కాబట్టి ఆ వైపు వారికి మంచి గింజ ఇంటి దగ్గరే దొరుకుతుంది. అలసందలు కూడా బాగుంటాయి, అయితే అవి త్వరగా మెత్తబడతాయి కాబట్టి కుక్కర్‌లో 2 విజిల్స్ చాలు.

## 2. మాంసం: ఏ భాగం తీసుకోవాలి, ఎలా కోయించాలి

మన వైపు టర్కీ కోడి ప్రతి దుకాణంలో ఉండదు. నాటుకోళ్లతో పాటు వీటిని పెంచేవారు ఊళ్లలో అక్కడక్కడా ఉన్నారు. ఆదివారం వండాలంటే రెండు మూడు రోజుల ముందే చెప్పి పెట్టుకోవాలి. పక్షి మొత్తం తీసుకోవలసి వస్తే ఇద్దరు ముగ్గురు కలిసి పంచుకోండి. ఒక మధ్యస్థమైన టర్కీ రెండు కాళ్ల మాంసం, ఎముక తీస్తే, ఈ కొలతకు సరిపోతుంది.

రొమ్ము మాంసం ఈ వంటకు వద్దు. అందులో కొవ్వు చాలా తక్కువ. గంటసేపు ఉడికితే పీచుపీచుగా మారి, నోట్లో పొడిపొడిగా తగులుతుంది. కాలి మాంసం రంగు ముదురుగా ఉంటుంది, దానిలోని జిగురు నెమ్మదిగా కరిగి రసాన్ని చిక్కబరుస్తుంది. రొమ్ము తప్ప వేరే దారి లేకపోతే సగం రొమ్ము, సగం కాలి మాంసం కలపండి.

పిక్కలో ఒక చిక్కు ఉంది. టర్కీ పిక్కలో ఈనెల్లాంటి గట్టి నరాలు వరుసగా ఉంటాయి. కోడి పిక్కలో ఉన్నవాటిలా ఇవి ఉడికితే మెత్తబడవు. పిక్క అడుగున చుట్టూ ఒక గాటు పెట్టి, తెల్లగా కనిపించే నరం కొసను గుడ్డతో గట్టిగా పట్టుకుని, కత్తి వీపుతో మాంసాన్ని వెనక్కి తోస్తూ లాగండి. ఒక్కొక్కటి జర్రున ఊడి వస్తుంది. ఓపిక కావాలి. ఈ పని వదిలేస్తే తినేటప్పుడు ప్రతి రెండో ముద్దకీ ఒక పుల్ల తగులుతుంది.

కీమా దుకాణంలో కొట్టిస్తుంటే పక్కన నిలబడి మూడు మాటలు చెప్పండి: ఒక్కసారే ఆడించాలి, ముతకగా ఉండాలి, కీమా అయ్యాక నీళ్లు తగలకూడదు.

ఇంట్లో చేసుకోవడం ఇంకా మేలు. మాంసాన్ని అరగంట ఫ్రీజర్‌లో ఉంచితే కాస్త బిగుసుకుంటుంది. అప్పుడు పదునైన కత్తితో శనగగింజంత ముక్కలుగా తరగండి. మిక్సీ వాడితే గుప్పెడు చొప్పున వేసి, మూడు నాలుగు సార్లు తిప్పి ఆపండి. ముద్ద అయితే అది చిల్లీకి పనికిరాదు.

"కీమా కడగకుండా ఎలా వండుతాం అక్కా?" అని అడిగినవారికి నా సమాధానం: కడగాలనుకుంటే ముక్క మొత్తంగా ఉన్నప్పుడే కడగండి. కుళాయి కింద పెట్టి చిమ్మించకుండా గిన్నెలో నీళ్లు పోసి నెమ్మదిగా కడిగి, శుభ్రమైన బట్టతో తడి లేకుండా అద్దండి. తర్వాత సింకును, గట్టును, చేతులను సబ్బుతో కడుక్కోండి. కీమా చేశాక కడిగితే రుచి సింకులోకి పోతుంది, నీరు మాంసంలో ఉండిపోతుంది.

ఎముకలు పారేయకండి. వాటికి ఒక లీటరు నీళ్లు, చిన్న ఉల్లిపాయ చేర్చి కుక్కర్‌లో సన్నసెగ మీద 40 నిమిషాలు ఉంచితే మంచి రసం దిగుతుంది. తర్వాత నీళ్లకు బదులుగా ఇదే పోస్తాం. ముదురు పక్షి అయితే ఇంకో 20 నిమిషాలు.

టర్కీ అసలు దొరకకపోతే కోడి తొడ మాంసంతో ఇదే పద్ధతిలో చేయవచ్చు. ఉడికే సమయంలో 15 నిమిషాలు తగ్గించండి.

## 3. ముందు రాత్రి: రాజ్మా నానబెట్టడం

రాళ్లు, ముడతలు పడ్డ గింజలు ఏరి, రెండుసార్లు కడిగి, ఒకటిన్నర లీటరు నీళ్లలో 1 టీస్పూను ఉప్పు కలిపి 8 నుంచి 10 గంటలు నానబెట్టండి.

ఉప్పు వేస్తే గింజ గట్టిపడుతుందని మన ఇళ్లలో ఒక నమ్మకం ఉంది. నానబెట్టే నీళ్లలో ఉప్పు అందుకు విరుద్ధంగా పనిచేస్తుంది. పైతోలును మెత్తబరుస్తుంది, గింజ చిట్లకుండా ఉడుకుతుంది.

గింజను గట్టిగా ఉంచేవి రెండు: పులుపు, సున్నం ఎక్కువగా ఉన్న నీరు. కనిగిరి, పామూరు వైపు బోరు నీళ్లతో వండేవారికి ఇది బాగా తెలుసు. అక్కడ కందిపప్పు ఉడకడమే కష్టం. అలాంటి నీరైతే తాగడానికి తెచ్చుకున్న శుద్ధి నీటినే నానబెట్టడానికి, ఉడికించడానికి వాడండి. అది కుదరకపోతే నానబెట్టే నీళ్లలో పావు టీస్పూను వంట సోడా కలపండి.

వేసవిలో గమనించవలసింది ఇంకొకటి. రోహిణీ కార్తెలో రాత్రంతా బయట ఉంచిన గింజలు తెల్లవారేసరికి నురగ కట్టి పులిసిన వాసన వేస్తాయి. ఆ రోజుల్లో రెండు గంటలు బయట నానబెట్టి, తర్వాత గిన్నెను ఫ్రిజ్‌లోకి మార్చండి.

## 4. ఉదయం: గింజను పూర్తిగా ఉడికించడం

నానిన నీరు పారబోయండి. మళ్లీ వాడకండి. గింజలు కడిగి, నాలుగు కప్పుల కొత్త నీరు, అర టీస్పూను ఉప్పు వేసి కుక్కర్‌లో పెద్ద మంట మీద 5 విజిల్స్, తర్వాత సన్నసెగ మీద 10 నిమిషాలు ఉంచండి. ఆవిరి దానంతట అదే దిగాలి.

పచ్చి రాజ్మాలో ఒక విషపదార్థం ఉంటుంది. సరిగ్గా ఉడకని గింజలు కొన్ని తిన్నా గంటల్లోనే వాంతులు, విరేచనాలు పట్టుకుంటాయి. బాగా మరిగే నీటిలో, లేదా కుక్కర్‌లో ఉడికితే అది నశిస్తుంది. విదేశాల్లో ఉన్న మీ పిల్లలు కరెంటు స్లో కుక్కర్‌లో పచ్చి రాజ్మా వేసి రాత్రంతా వదిలేస్తుంటే వెంటనే ఫోను చేసి ఆపండి. ఆ తక్కువ వేడిలో విషం పోకపోగా పెరగవచ్చు. ముందు కనీసం అరగంట తెర్లించిన గింజలు, లేదా డబ్బాలో ఉడికించి అమ్మేవి మాత్రమే అందులో వేయాలి.

పరీక్ష: గిన్నెలో వేర్వేరు చోట్ల నుంచి ఐదు గింజలు తీయండి. బొటనవేలు, చూపుడువేలు మధ్య నొక్కితే వెన్నలా నలగాలి, మధ్యలో పలుకు తగలకూడదు. ఐదింటిలో ఒక్కటి గట్టిగా ఉన్నా ఇంకో రెండు విజిల్స్ రానివ్వండి. టమాటాలో పడ్డాక ఇది మెత్తబడదు. నా మొదటి చిల్లీలో "ఎలాగూ గంట ఉడుకుతుంది కదా" అనుకుని ముప్పాతిక ఉడికిన గింజలు వేశాను. రెండు గంటలు ఉడికినా అలాగే ఉండిపోయాయి.

ఉడికిన నీటిలో ఒక కప్పు తీసి ఉంచుకోండి. అది చిక్కదనానికి పనికొస్తుంది.

## 5. కారం ముద్ద: అసలు తేడా ఇక్కడే

అమెరికా వంట పుస్తకాల్లో "మూడు టేబుల్ స్పూన్ల చిల్లీ పౌడర్" అని ఉంటుంది. అక్కడ ఆ పేరుతో అమ్మేది మన కారంపొడి కాదు. పెద్దగా ఘాటు లేని మిరపకు జీలకర్ర, వెల్లుల్లి, ఒరెగానో కలిపిన మిశ్రమం అది. ఆ లెక్కన మన కారం మూడు పెద్ద చెంచాలు వేస్తే ఆ గిన్నె ఎవరూ తినలేరు. భయపడి ఒక చెంచా వేస్తే రంగూ ఉండదు, మిరప రుచీ ఉండదు. ఈ రెండు ఫిర్యాదులూ నా దగ్గరకు వచ్చాయి, కారణం ఒక్కటే.

బ్యాడిగి మిరప దీనికి సరైన జవాబు. రంగు, తియ్యటి మిరప వాసన పుష్కలం, ఘాటు తక్కువ. ఘాటు కోసం గుంటూరు మిర్చి మూడు చాలు, మన నాలుకకు ఐదు వరకు వేసుకోవచ్చు.

చేసే క్రమం:

- మిరపకాయల తొడిమలు, గింజలు తీసేయండి.
- పొడి బాణలిలో సన్నసెగ మీద అర నిమిషం, కాస్త ఉబ్బి వాసన వచ్చేదాకా వేయించండి. నల్లమచ్చ పడితే ఆ కాయ పక్కన పెట్టండి, ఒక్క మాడిన కాయ ముద్దంతటినీ చేదు చేస్తుంది.
- వేడినీళ్లలో 20 నిమిషాలు నానబెట్టండి.
- అదే బాణలిలో జీలకర్ర, ధనియాలు వేయించండి.
- నానిన మిరప, జీలకర్ర, ధనియాలు, ఐదు వెల్లుల్లి రెబ్బలు, మిరప నానిన నీళ్లు అర కప్పు కలిపి మెత్తగా రుబ్బండి. ఆ నీళ్లు ముందు రుచి చూడండి, చేదుగా ఉంటే మామూలు నీళ్లు పోయండి.

ఒరెగానో గురించి. పిజ్జాతో వచ్చే పొట్లాల్లో ఉండే ఆకు అదే, వాటిని దాచుకున్నా సరిపోతుంది. లేకపోతే పెరట్లో, కుండీలో ఉండే వామాకు తెంపండి. బజ్జీలు వేసుకునే ఆ మందపాటి ఆకే. దాన్ని చేత్తో నలిపి వాసన చూస్తే, ఒరెగానో వాసన చూసినవారికి చుట్టరికం వెంటనే తెలుస్తుంది. రెండు ఆకులు సన్నగా తరిగితే చాలు, మూడోది వేస్తే బజ్జీ గుర్తొస్తుంది.

## 6. పొగ వాసన

అక్కడ కొందరు పొగబెట్టి ఎండబెట్టిన మిరప వాడతారు. మనకు అది అందుబాటులో ఉండదు. నాలుగు టమాటాలు, ఒక కాప్సికం నేరుగా మంట మీద, వంకాయ పచ్చడికి కాల్చినట్టే తిప్పుతూ కాల్చండి. తోలు నల్లబడి పగలాలి. మూతపెట్టి పది నిమిషాలు ఉంచి తోలు ఒలిచేయండి. కుంపటి ఉన్నవారు బొగ్గుల మీద కాలిస్తే దానికి సాటి లేదు.

## 7. కీమా వేయించడం

స్టవ్ ముందుకు వచ్చే ముందు ఇవన్నీ గట్టు మీద ఉన్నాయో లేదో చూసుకోండి:

- తడి లేని కీమా, గది వేడికి 15 నిమిషాలు ముందు తీసినది
- పూర్తిగా ఉడికిన రాజ్మా, వేరుగా ఉంచిన నీరు
- కారం ముద్ద
- కాల్చి ఒలిచిన టమాటా, కాప్సికం; మిగిలిన టమాటా తరిగి వేరుగా
- సన్నగా తరిగిన ఉల్లి, వెల్లుల్లి
- క్యారెట్ చిన్న ముక్కలు, చిలగడదుంప వేలి కణుపంత ముక్కలు
- ఎముకల రసం, వేడిగా

మందపాటి, వెడల్పైన గిన్నె కావాలి. పలుచటి తపేలాలో ఇది అడుగంటుతుంది.

రెండు టేబుల్ స్పూన్ల నూనె బాగా కాగాక కీమాలో సగమే వేయండి. మొత్తం ఒకేసారి వేస్తే గిన్నె చల్లబడి, మాంసం నీరు వదిలి, ఆ నీటిలోనే ఉడికి బూడిదరంగుకు తిరుగుతుంది. సగం వేసి, గరిటెతో పలుచగా పరిచి, చేయి తీసేయండి. నాలుగు నిమిషాలు కదపకూడదు. మన చేతికి ఇది కష్టమైన పని, కలపడం మనకు అలవాటు.

చెవి పెట్టి వినండి. మొదట తడి శబ్దం, అన్నం పొంగుతున్నట్టు బుసబుస. అది నీరు పోతున్న చప్పుడు. కాసేపటికి ఆ బుస ఆగి, చిటపటమని పొడి శబ్దం మొదలవుతుంది. అప్పుడు అట్లకాడతో ఒక మూల లేపి చూడండి. అడుగు వైపు వేరుశనగ పప్పు పొట్టు రంగు వచ్చి ఉండాలి. వస్తే పెద్ద పెద్ద చెక్కలుగా తిప్పి, ఇంకో రెండు నిమిషాలు ఉంచి, తీసి పళ్లెంలో పెట్టండి. రెండో సగం కూడా అంతే. లోపల పచ్చిగా ఉన్నా పరవాలేదు, తర్వాత గంటసేపు ఉడుకుతుంది. ఉప్పు వేయించడం అయ్యాకే, 1 టీస్పూను చల్లండి. ముందు చల్లితే మాంసం నీరు వదులుతుంది.

గిన్నె అడుగున గోధుమరంగు పొర ఒకటి అంటుకుని ఉంటుంది. దాన్ని చూసి గిన్నె మార్చకండి. ఈ వంటలో సగం రుచి ఆ పొరే. నల్లగా మారితే మాత్రం మాడినట్టు, అప్పుడు గిన్నె మార్చాలి.

## 8. ఉల్లి, కారం, టమాటా

మిగిలిన రెండు టేబుల్ స్పూన్ల నూనె, ఉల్లిపాయలు, క్యారెట్ వేసి మధ్యస్థ మంట మీద పది నిమిషాలు మగ్గించండి. ఉల్లి వదిలే తడికి అడుగున ఉన్న పొర కరుగుతుంది, చెక్క గరిటెతో గీరుతూ ఉండండి. మిగిలిన వెల్లుల్లి వేసి ఒక నిమిషం.

మంట తగ్గించి కారం ముద్ద, ఒరెగానో వేయండి. మూడు నాలుగు నిమిషాలు కలుపుతూ ఉంటే పచ్చివాసన పోయి, అంచుల్లో ఎర్రటి నూనె కనిపిస్తుంది. దగ్గు తెప్పించే ఘాటు లేచిందంటే మాడడం మొదలైందని అర్థం, వెంటనే గరిటెడు రసం పోయండి.

ఇప్పుడు టమాటాలు. కాల్చినవి చేత్తో చిదిమి, మిగిలినవి ముక్కలుగానే వేసి, 1 టీస్పూను ఉప్పుతో పది పన్నెండు నిమిషాలు, ముద్దగా దగ్గరపడి నూనె తేలేదాకా ఉడికించండి. ఇది మనకు వచ్చిన విద్యే. ఇక్కడ తొందరపడితే చివరిదాకా పచ్చి టమాటా పులుపు మిగిలిపోతుంది.

## 9. సన్నసెగ మీద గంట

వేయించిన కీమా, పళ్లెంలో ఊరిన రసంతో సహా, గిన్నెలో వేయండి. ఉడికిన రాజ్మా, రెండున్నర కప్పుల వేడి ఎముకల రసం చేర్చండి. ఒక పొంగు రానిచ్చి మంట బాగా తగ్గించండి. పైన అక్కడొకటి ఇక్కడొకటి బుడగ పగలాలి, అంతే. మూత కాస్త ఓరగా పెట్టండి.

తర్వాత గడియారం చూసి:

- 0 నిమిషాలు: కీమా, రాజ్మా, రసం
- 35 నిమిషాలకు: చిలగడదుంప లేదా గుమ్మడి
- 50 నిమిషాలకు: మొక్కజొన్న, కాల్చిన కాప్సికం, పచ్చి కాప్సికం ముక్కలు
- 60 నిమిషాలకు: మంట ఆపడం

అన్నీ ఒకేసారి వేసినవారికి గుమ్మడి కరిగి, కాప్సికం తోలు ఒక్కటే తేలుతుంది. కూరగాయ ఏదో తెలియాలి, దాని రుచి దానికి ఉండాలి.

పది నిమిషాలకొకసారి అడుగంటా గీరుతూ కలపండి. గింజల పిండి అడుగుకు చేరి మాడుతుంది.

చిక్కదనానికి శనగపిండి, కార్న్‌ఫ్లోర్ వద్దు. చివరి పది నిమిషాల్లో ఒక గరిటెడు రాజ్మాను గిన్నె గోడకు నొక్కి మెదపండి, దాచిన గింజల నీరు కొంచెం పోయండి. అడుగున గరిటెతో ఒక గీత గీస్తే ఆ దారి రెండు క్షణాలు నిలిచి మూసుకోవాలి. చల్లారాక ఇంకా చిక్కబడుతుంది కాబట్టి ఇక్కడ కాస్త పలుచగా ఉన్నప్పుడే ఆపండి.

## 10. మంట ఆపాక

ముందు ఉప్పు చూడండి. ఉప్పు సరిపోయాకే పులుపు చూడాలి, ఉప్పు తక్కువైన చిల్లీలో మిగతా రుచులు ఏవీ పలకవు.

టమాటా పులుపు పైకి తేలుతుంటే బెల్లం సగం ముక్క కరిగించి, రెండు నిమిషాలాగి, కావాలనిపిస్తేనే మిగిలిన సగం. తీపి తెలిసిందంటే ఎక్కువైనట్టే. చివరగా సగం నిమ్మకాయ పిండండి. పొదలకూరు వైపు తోటల నుంచి వచ్చే రసం నిండిన కాయ అయితే పావు చెక్కతో మొదలుపెట్టండి. నిమ్మరసం ఉడకకూడదు, ఉడికితే చేదెక్కుతుంది.

మూతపెట్టి అరగంట కదపకుండా వదిలేయండి. స్టవ్ మీద నుంచి నేరుగా తిన్న చిల్లీకీ, అరగంట ఆగినదానికీ తేడా మొదటి ముద్దలోనే తెలుస్తుంది.

## 11. జరిగే తప్పులు, దిద్దుకునే దారి

రాజ్మా గట్టిగా ఉండిపోయింది. మొత్తాన్ని కుక్కర్‌లోకి మార్చి, ఒక కప్పు వేడినీరు పోసి 4 విజిల్స్ రానివ్వండి. కూరగాయలు మెత్తబడిపోతాయి, అయినా గింజ ఉడకడమే ముఖ్యం. పలుకుగా ఉన్న రాజ్మాను సర్దుకుని తినవద్దు.

నీళ్లగా ఉంది. మూత పూర్తిగా తీసి, మధ్యస్థ మంట మీద పది నిమిషాలు. గింజలు ఇంకొన్ని మెదపండి.

కారం ఎక్కువైంది. నీళ్లు పోస్తే అన్ని రుచులూ పలుచబడతాయి, కారం మాత్రం ఉంటుంది. ఉడికించిన చిలగడదుంప, ఇంకో కప్పు ఉడికిన గింజలు కలపండి. వడ్డించేటప్పుడు గడ్డపెరుగు పైన వేయండి.

మాంసం రబ్బరులా ఉంది. ముదురు పక్షి అయి ఉంటుంది. అరకప్పు రసం పోసి ఇంకో అరగంట సన్నసెగ. కాలి మాంసం లొంగుతుంది. రొమ్ము మాంసమైతే ఎక్కువసేపు ఉడికించేకొద్దీ ఇంకా బిగుస్తుంది, ఆపేయండి.

అడుగంటింది. గరిటె పెట్టి గీరకండి. పైభాగాన్ని మెల్లగా వేరే గిన్నెలోకి వంచి రుచి చూడండి. మాడు వాసన రాకపోతే కొనసాగించవచ్చు.

చేదుగా ఉంది. మిరప లేదా జీలకర్ర మాడింది. దీనికి మందు లేదు. బెల్లం ఎంత వేసినా చేదు కింద అలాగే ఉంటుంది. అందుకే కారం ముద్దను గిన్నెలో వేసే ముందు కొసరు నాలుక మీద పెట్టుకుని చూడమంటాను.

రుచి చప్పగా ఉంది. నూటికి తొంభై సార్లు ఉప్పు తక్కువ. పావు టీస్పూను చొప్పున వేసి చూడండి. తర్వాతే కారం వైపు చూడాలి.

## 12. వడ్డన

అక్కడ మొక్కజొన్న రొట్టెతో తింటారు. నా మటుకు జొన్నరొట్టె దానికంటే బాగా కుదురుతుంది, ముక్క విరిచి చిల్లీని ఎత్తుకోవచ్చు. అన్నంతో తినేవారు కాస్త పలుచగా ఉంచుకోండి. పైన సన్నటి ఉల్లి తరుగు, కొత్తిమీర, గుడ్డలో కట్టి గంటసేపు నీరు వార్చిన పెరుగు ఒక చెంచా. పెరుగును ఉడికే గిన్నెలో కలపకండి, విరిగిపోతుంది.

## 13. నిల్వ, మర్నాటి గిన్నె

చేపల పులుసు మర్నాటికి రుచి అని నెల్లూరులో ఎవరికీ చెప్పనక్కర్లేదు. చిల్లీ కూడా అంతే, గింజకూ ముక్కకూ కారం పట్టేది రాత్రికే. ఇంటికి చుట్టాలు వస్తున్నారంటే నేను ముందురోజే వండి పెడతాను.

అయితే చింతపండు పులుసులా దీన్ని రాత్రంతా బయట ఉంచకూడదు. మాంసం, ఉడికిన గింజలు, తడి కలిసిన వంట త్వరగా పాడవుతుంది. వండిన రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లోకి వెళ్లాలి, మే నెల ఎండల్లో గంటలోపే. పెద్ద గిన్నెతో పెడితే మధ్యభాగం చల్లారడానికి చాలాసేపు పడుతుంది. లోతు తక్కువ ఉన్న మూడు నాలుగు డబ్బాల్లోకి సర్ది, అవి చన్నీళ్ల పళ్లెంలో పావుగంట ఉంచి, తర్వాత లోపల పెట్టండి.

ఫ్రిజ్‌లో మూడు రోజులు, ఫ్రీజర్‌లో రెండు నెలలు ఉంటుంది. ఫ్రీజర్‌లో పెట్టేదైతే చిలగడదుంప వేయకుండా తీసిపెట్టండి, కరిగాక అది పిండిపిండిగా మారుతుంది. కరెంటు పోయి ఫ్రిజ్ నాలుగు గంటలకు మించి ఆగిపోతే ఆ డబ్బా తినకండి, వాసన బాగున్నా సరే.

మళ్లీ వేడి చేసేటప్పుడు తినేంత మాత్రమే గిన్నెలోకి తీసి, రెండు చెంచాల నీళ్లు చిలకరించి, మూతపెట్టి, మధ్యలో కూడా బుడగలు వచ్చేదాకా కాచండి. నిమ్మరసం వాసన నిన్నటితో పోయి ఉంటుంది. మంట ఆపాక రెండు చుక్కలు మళ్లీ పిండండి.